కమలాపండు ఒలిచే ఆవిడ

నా ఫోన్‌లో జాగా అయిపోయిందట. ఈ పొద్దున సెంబవాంగ్‌లో రైలెక్కి, తలుపు పక్కన జారగిలబడి, అందరిలాగే తల వంచుకుని ఫోన్ తెరిస్తే అదే మాట. చాలా కాలంగా మీరు తెరవని పెద్ద ఫైళ్ళున్నాయి, తీసేయమంటారా అని మర్యాదగా అడుగుతుంది. అన్నిటికంటే పైన ఒక ఆడియో ఉంటుంది. దానికి నేను పేరు కూడా పెట్టలేదు. నాకు మామూలుగా మర్యాద పడదు. తిండి కొట్లుండే హాకర్ సెంటర్‌లో టిష్యూ పాకెట్ పడేసి టేబుల్ 'చోప్' చేసి, అంటే ముందే ఆపేసుకున్న వాళ్ళతో నిలబడి గొడవ పెట్టుకున్న మనిషిని. ఆఫీసులో నేను పంపిన మెసేజీలు మళ్ళీ చదువుకుంటే నాకే వేడి తగులుతుంది. కానీ ఈ ఒక్క ప్రశ్న దగ్గర మాత్రం నోరెత్తకుండా 'తరవాత' అనే బటన్ నొక్కేసి, కిటికీలోంచి బయటికి చూస్తాను. సింగపూర్ రైల్లో కిటికీలోంచి బయటికి చూసేది చిన్నపిల్లలూ, ఫోన్ చచ్చిపోయిన వాళ్ళూనే.

ఆ ఫైల్ ఊరికి పడమటి వైపు బూన్ లే అనే పేటలో నేనున్న ఇంటిది. హైదరాబాద్‌లో పుట్టి, అక్కడి ట్రాఫిక్‌లోనే అరవడం నేర్చుకుని, బ్యాంకు కంప్యూటర్ల ఉద్యోగానికి ఇక్కడికొచ్చినప్పుడు నాకు గది అద్దెకిచ్చింది ఒక తెలుగు ఆంటీ. తెలుగు అంటే మన దగ్గరి తెలుగు కాదు. వాళ్ళ తాతలు ఎప్పుడో శ్రీకాకుళం వైపు నుంచి మలేషియా రబ్బరు తోటలకొచ్చారు. ఆంటీ అక్కడే, సింగపూర్‌కి ఆనుకున్న జొహోర్‌లో పుట్టి, పని కోసం కిందికి సింగపూర్ వచ్చి ఇక్కడే ఉండిపోయింది. ఆవిడ మాటలో తాతల యాస అలాగే నిలవుంది, దాని మీద అరవం, మలాయ్, ఇక్కడివాళ్ళు మాట చివర తగిలించే 'లా' చల్లి ఉండేవి. "ఏటమ్మా, మకాన్ అయిందా లేదా? మొహం సూడు, ఎండిన సేపలాగుంది లా" అని మొదటి రోజే పలకరించింది. మకాన్ అంటే మలాయ్‌లో తిండి. ఆవిడ భర్త జపాన్ మనిషి. బక్కగా, పొడుగ్గా, ఎప్పుడూ ఇస్త్రీ చొక్కాలో ఉండేవారు. ఓడల యార్డులకి ఫిల్ములు తీసి రిటైరయ్యారని ఆంటీ చెప్పింది. ఆంటీ ఆయన్ని 'కంతొకు' అని పిలిచేది. జపాన్‌లో సినిమా పనివాళ్ళు డైరెక్టర్‌ని అలా పిలుస్తారట. నేను అంకుల్ అనేదాన్ని. ఆయనకి తెలుగొచ్చు, అదీ ఆంటీ తెలుగే. జపాన్ ముసలాయన సోఫాలో కూర్చుని "ఏటి, వాన వత్తాదా?" అని అడుగుతుంటే మొదటి వారమంతా నవ్వాపుకోలేక గదిలోకి పారిపోయేదాన్ని.

ఒక సాయంత్రం ఆఫీసు నుంచి వస్తూ తడిసి ముద్దయ్యాను. ఇక్కడి వాన చెప్పి రాదు. లిఫ్ట్ దిగేసరికి వరండాలో అంకుల్ నిలబడి ఉన్నారు. రెండు చేతుల్తో పెద్ద తువ్వాలు బారుగా విప్పి పట్టుకుని, మొహం మాత్రం పూర్తిగా గోడ వైపు తిప్పుకుని. నాకేమీ అర్థం కాలేదు. నేను దగ్గరికెళ్ళగానే అలా చూడకుండానే తువ్వాలు భుజాల మీద పడేలా కప్పి, రెండడుగులు వెనక్కేసి, తల కాస్త వంచి లోపలికెళ్ళిపోయారు. అప్పట్నుంచి వాన పడిన ప్రతిసారీ అంతే. చూపు తగ్గుతోందని తెలుసు కాబట్టి, ఆ మొహం తిప్పుకోవడం కూడా దాని తాలూకేమో అనుకున్నాను.

ఆ చూపు వల్లే అసలు సంగతి బయటపడింది. ఒక ఆదివారం ఆయన తన టాబ్లెట్ నా చేతికిచ్చి, జపాన్ నుంచి మెయిల్ వచ్చింది, చదివిపెట్టమన్నారు. నేను నా ఫోన్‌తో దాన్ని ఇంగ్లీషులోకి మార్చాను. పాత సినిమాలు వెతికి కాపాడే ఒక చిన్న సంఘం వాళ్ళు రాశారు. మూతపడిన థియేటర్ గోడౌన్‌లో మీ సినిమా ప్రింటు ఒకటి దొరికింది, కాపీ చేసి పంపిస్తున్నాం, రాబోయే వసంతంలో ప్రదర్శిస్తాం అని. కింద పోస్టర్ ఉంది. ఆ పోస్టర్‌లో ఒక అమ్మాయి ఉంది, బట్టలు పెద్దగా లేవు. నేను ఆగుతానా? అక్కడే నిలబడి ఆయన పేరు కొట్టి వెతికాను. ఏమీ రాలేదు. మెయిల్‌లో ఉన్న ఇంకో పేరు, మారుపేరు, కొట్టాను. పోస్టర్ మీద పోస్టర్ వచ్చింది. మన ఊళ్ళలో మార్నింగ్ షో బొమ్మలంటారే, అలాంటివి. జపాన్‌లో వాటిని పింక్ సినిమాలంటారని అప్పుడే తెలిసింది.

"ఏంది అంకుల్ ఇది?" అన్నాను. గొంతు అప్పటికే లేచిపోయింది. "మీరు తీసినవేనా? అన్నీ?"

"అన్నీ," అన్నారాయన, ఏ మార్పూ లేకుండా. "ఇంకా ఉన్నాయి. ఫోన్‌కి తెలవదు."

నేను గదిలోకెళ్ళి సూట్‌కేసు తీసి బట్టలు కుక్కడం మొదలుపెట్టాను. ఆంటీ వచ్చి గుమ్మంలో నిలబడింది. ఖాళీ చేస్తున్నానన్నాను. ఇలాంటి మనిషున్న ఇంట్లో నన్నెలా పెట్టారు, ముందే చెప్పాలి కదా అన్నాను. ఇంకా చాలా అన్నాను. ఆంటీ అన్నీ వింది. "ఎల్లు. ఎల్లేముందు అన్నం తినెల్లు. సేప పులుసు పెట్టాను," అంది. సూట్‌కేసు మూత పట్టలేదు. పులుసు వాసన వస్తోంది. కోపం ఉన్నవాళ్ళకి ఆకలి కూడా ఎక్కువే.

తింటుండగా ఆంటీ తన వైపు కథ చెప్పింది. పెళ్ళికి ముందే ఆయన దాచకుండా చెప్పేశాడట. అప్పుడు వాళ్ళిద్దరూ ఒక మాట అనుకున్నారు. ఆయన ఆ సినిమాలు ఎప్పటికీ చూపించకూడదు. ఆవిడ వాటి గురించి ఎప్పటికీ అడగకూడదు. "నాను అడగలేదు, ఆయన సూపించలేదు. మా అన్న మాత్రం తెలిసి మాట మానేశాడు. సచ్చేదాకా మానేశాడు." పులుసు గిన్నె నా వైపు జరిపి, గొంతు తగ్గించి అంది: "సూడకపోతే పోద్ది అనుకున్నాను లా. సూడకపోతే ఎక్కువవుద్ది. ఎంతమంది ఆడోళ్ళో, ఎంత అందంగా ఉండేవోరో. అన్నీ నా బుర్రలో నానే తీసుకున్నాను, సినిమాలు. ఆయన తీసినవాటికన్నా నావే ఎక్కువ."

నేను ఖాళీ చెయ్యలేదు. ఆ తరవాత ఆదివారాలు, కింద కాఫీ షాపులో, ఇక్కడ కోపి అనే కాఫీ తాగుతూ అంకుల్ తన బతుకు ముక్కలు ముక్కలుగా చెప్పేవారు. ఉత్తరాన మంచు పడే చిన్న రేవు ఊరు. చేపల వాసన పడక, సినిమా పిచ్చితో టోక్యో పారిపోయారు. పెద్ద స్టూడియోలు గేటు దగ్గరే పొమ్మన్నాయి. పింక్ కంపెనీ రమ్మంది. అందరికంటే చిన్న అసిస్టెంటుకి అక్కడ మొదటి పని ఏమిటంటే, తువ్వాలు. డైరెక్టర్ 'కట్' అన్న క్షణంలో నటి దగ్గరికి పరుగెత్తి, మొహం తిప్పుకుని, కప్పాలి. చూశావో, చెంపదెబ్బ. ఆలస్యమైందో, రెండు. "ఆ అమ్మాయికి సలి. సిగ్గు కూడా. కెమెరా ముందు లేదు సిగ్గు. కట్ అన్నాక వత్తాది," అన్నారు. తనే డైరెక్టరయ్యాక కూడా ఆ పని ఇంకెవరికీ ఇవ్వలేదట. తనే కట్ చెప్పి, తనే పరిగెత్తేవారు. బూన్ లే వరండాలో గోడ వైపు తిరిగిన ఆ మొహం నాకప్పుడు అర్థమైంది. కోపి చల్లారిపోయింది. నేను ఫోన్ చూస్తున్నట్టు నటించాను.

ఆ సినిమాలకి కంపెనీ పెట్టే షరతు ఒక్కటే. ప్రతి రీల్లో ఒక పడక సీను ఉండాలి. మిగతాది నీ ఇష్టం, ఎవడూ అడగడు. ఆ 'మిగతాది' కోసమే కుర్రాళ్ళందరూ ఆ కంపెనీల్లో చేరేవాళ్ళట. కొందరు అక్కణ్ణుంచే పెద్ద సినిమాల్లోకి దూకారు. అంకుల్ దూకలేదు. ఎందుకని అడిగితే, "దూకేటోళ్ళకి కాళ్ళు వేరే," అన్నారు. సినిమా పేరు కంపెనీ పెట్టేది, వినడానికి కూడా బాగోని పేరు. దర్శకుడి పేరు మారుపేరు. అందుకని ప్రతి సినిమాకీ తను లోపల ఒక పేరు పెట్టుకునేవారు. ఇప్పుడు దొరికిన దాని లోపలి పేరు 'కమలాపండు ఒలిచే ఆవిడ'. తరవాత వీడియో వచ్చింది, థియేటర్లలో నిద్రపోయే ముసలివాళ్ళు మిగిలారు, ఆ తరవాత థియేటర్లూ మిగల్లేదు. ఒక స్నేహితుడు సింగపూర్ తీసుకొచ్చి యార్డుల్లో భద్రత ఫిల్ములు తీసే పని ఇప్పించాడు. హెల్మెట్ పెట్టుకోండి, తాడు కట్టుకోండి లాంటివి. సెంబవాంగ్‌లో, తువాస్‌లో కూలీలకి చూపించేవి. మేనేజర్లు చూసి, ఇందులో వాన ఎందుకింత ఉంది, ఆ వెల్డర్ సముద్రం వైపు అంతసేపెందుకు చూస్తున్నాడు అని అడిగేవాళ్ళట. వాటికి అరవం, తెలుగు గొంతు కావాల్సొచ్చింది. యార్డు ఆఫీసులో టైపు కొట్టే ఒకావిణ్ణి పిలిచారు. "హెల్మెట్ లేకుండా లోపలికి రావద్దు" అని ఆవిడ అన్న మొదటి మాటకే తనకి పెళ్ళి ఆలోచన వచ్చిందని అంకుల్ చెబితే, అంత సీరియస్ మొహంతో చెబుతుంటే, నేను కోపి మింగలేక దగ్గాను.

ఇంతకీ ఆ మెయిల్‌లో ఒక చిక్కుంది. బొమ్మ దొరికింది కానీ శబ్దం దొరకలేదు. ఆ సినిమాలన్నీ మూగగా తీసి, తరవాత గదిలో కూర్చుని గొంతులు కలిపేవాళ్ళు. ఆ గొంతుల టేపు ఎప్పుడో పాడైపోయింది. సంఘం వాళ్ళు దాన్ని మూగ సినిమాగానే చూపిస్తామన్నారు. అంకుల్ ఎప్పుడూ లేనంత పట్టుదలగా వద్దన్నారు. నా దగ్గర మాటలన్నీ గుర్తున్నాయి, వసంతంలోపు గొంతులు పంపిస్తాను అని నాతో రాయించారు. ఆయన చూపు మధ్యలో అప్పటికే నల్ల మచ్చ పడింది. డాక్టర్ ఇంక పెరగడమే అన్నాడు. బొమ్మ కనిపిస్తుండగానే పెదవులకి మాట అతికించాలి. మగ గొంతులు తనే చెబుతారు. ఆడ గొంతు?

ఆంటీ మొహం మాడ్చుకుని కూర్చుంది. "ఒద్దు. అదొక్కటీ ఒద్దు," అంది. కొన్నాళ్ళు ఇద్దరి మధ్య కూర గిన్నెలు పెట్టే చప్పుళ్ళే మాట్లాడుకునేవి. ఒకరోజు పొద్దున అంకుల్ కోపి పోసుకుంటూ కప్పు పక్కన పోశారు. పోస్తూనే ఉన్నారు. టేబుల్ మీంచి నేల మీదికి కారుతున్నా ఆయనకి తెలియలేదు. ఆంటీ గుడ్డ తెచ్చి తుడిచి, ఆయన చేతిలో నిండిన కప్పు పెట్టి, "నాను తెర వైపు సూడను. ఈపు తిప్పుకుని సెప్తాను. ఎప్పుడు మొదలెట్టాలో నువ్వే తట్టు," అంది. చైనా కొత్త సంవత్సరం అప్పుడే వెళ్ళింది. ఇంటినిండా ఆ పండక్కి ఆనవాయితీగా అందరూ ఇచ్చిన కమలాపండ్లు, తినేవాళ్ళు లేక.

అలా మొదలైంది. ఆదివారం మధ్యాహ్నాలు కిటికీలకి దుప్పట్లు కట్టి, సంఘం పంపిన కాపీ టీవీలో పెట్టి, ఫ్రిజ్ ఆపేసి, ఫ్యాన్ ఆపేసి, ముగ్గురం చెమటలు కక్కుతూ. రికార్డు చేసేది నా ఫోన్. అది నా చేతిలోంచి పోయి టేబుల్ మీద బోర్లా పడుకున్న గంటలు నా జీవితంలో అవే. చేతులు ఏం చేసుకోవాలో తెలిసేది కాదు. అంకుల్ కనిపెట్టి నాకు చప్పుళ్ళ పనిచ్చారు. చెప్పులు, తలుపులు, వాన. వానంటే పేపరు మీద బియ్యం సన్నగా జారవిడవడం. పడక సీన్లు ఎలాగా అని నేను లోపల భయపడుతుంటే, "అక్కడ గొంతు అక్కర్లేదు. వాన పెట్టు," అన్నారు. నేను ప్రతి రీల్లోనూ కిలో బియ్యం కురిపించాను. ఆంటీ గోడ వైపు తిరిగి, యార్డు ఆఫీసులో జపాన్ ఇంజనీర్ల దగ్గర నేర్చుకున్న ఆ భాషని తన యాసలో పలికేది. ఆయన మాట అందించి, తెర దగ్గరగా ముక్కు పెట్టి, సరైన క్షణంలో భుజం మీద తట్టేవారు. మధ్యలో ఆవిడ, "ఏటయ్యా, ఈ పిల్ల ఇన్నిసార్లు ఎల్లిపోమంటాది, ఆడు ఎల్లడేటి?" అని అడిగేది. "ఎల్తాడు. ఆగు," అనేవారాయన.

ఆఖరి రీల్లో ఒక చోట ఆగిపోయాం. అక్కడ మాటల్లేవు. ఆ మగవాడు వెళ్ళిపోయాడు. ఆ అమ్మాయి ఒక్కతే కూర్చుని కమలాపండు ఒలిచి తింటుంది, అంతే, చాలాసేపు. నమిలే చప్పుడు కావాలి, ఊపిరి కావాలి. అది వీపు తిప్పుకుని చెయ్యడం కుదరదు, పెదవి చూడాలి. అంకుల్ ఒక పండు తీసి ఆంటీ చేతిలో పెట్టి పక్కకి జరిగారు. ఆంటీ కాసేపు గోడనే చూసింది. తరవాత కుర్చీ తిప్పుకుంది.

తెర మీద ఒక మామూలు అమ్మాయి. పెద్ద అందగత్తె కాదు. అప్పుడే ఎవరో కట్ అన్నట్టున్నారు, ఒళ్ళు దగ్గరకి ముడుచుకుంది. తెర పక్కనుంచి ఒక చెయ్యి తువ్వాలు పట్టుకుని లోపలికొచ్చి ఆమె భుజాల మీద కప్పి మాయమైంది. ఆ అమ్మాయి తువ్వాలు చుట్టుకుని, షూటింగ్ వాళ్ళ కోసం తెచ్చిన బుట్టలోంచి ఒక పండు తీసుకుని, తనని ఎవరూ చూడటం లేదనుకుని, ఒలుచుకుని, తొనలు ఒక్కొక్కటే కిటికీ గట్టు మీద వరసగా పేర్చి తినడం మొదలుపెట్టింది. కట్ అని తువ్వాలుతో పరిగెత్తే హడావుడిలో కెమెరా ఆగిందో లేదో చూసుకోలేదని, తరవాత మళ్ళీ తీయడానికి ఫిల్ము మిగల్లేదని, కంపెనీవాడు తిట్టినా అదే ఉంచేశానని అంకుల్ చెప్పారు.

ఆంటీ ఆపి మళ్ళీ పెట్టమంది. మళ్ళీ చూసింది. "ఆ సెయ్యి నీదే. ఆ ఏలు నీదే," అంది. తెర మీద చిటికెన వేలు కొంచెం వంకర. ఆయనది ఇప్పటికీ అంతే. కుర్రాడి చెయ్యి అది, నరాలు తేలని చెయ్యి, ఆవిడ ఎప్పుడూ చూడని చెయ్యి. "ఈ పిల్లకి ఎవలూ లేరా?"

"లేరు."

"ఇదా నువ్వు తీసింది? ఇన్నేళ్ళూ సెప్పవేటి?"

"నువ్వు అడగనన్నావు."

ఆంటీ పండు ఒలిచింది. ఆ అమ్మాయి నోట్లో తొన పెట్టుకున్నప్పుడు తనూ పెట్టుకుంది. నమిలింది. ఎక్కడ ఊపిరి పీల్చిందో అక్కడ పీల్చింది. ఆయన తట్టాల్సిన పని లేకపోయింది. ఇద్దరాడవాళ్ళు చెరో దేశంలో చెరో కాలంలో ఒకే పండు తింటున్నట్టు ఉంది. అయిపోయాక అంకుల్ "కట్" అన్నారు. అలవాటుగా చెయ్యి కుర్చీ మీదికి పోయింది. అక్కడున్న తువ్వాలు విప్పి, మొహం పక్కకి తిప్పుకుని, ఆంటీ భుజాల మీద కప్పారు. ఆ ఉక్కలో.

సంఘం వాళ్ళ జవాబు మర్యాదగా వచ్చింది. కష్టపడి పంపినందుకు కృతజ్ఞతలు, అయితే నటి గొంతు ఆ కాలపు టోక్యో అమ్మాయిలా లేదు, వాన కూడా ఎక్కువైంది, ప్రేక్షకులకి ఇబ్బంది, కాబట్టి మూగగానే వేస్తాం అని. నేను అక్కడికక్కడే పొడుగు జవాబు టైపు చేశాను. అందులో మంచి మాట ఒక్కటీ లేదు. అంకుల్ చదివి వినిపించమన్నారు. విని, నవ్వి, "వద్దు. వాళ్ళ సినిమా వాళ్ళు వేసుకుంటారు. మాది మా కాడుంది," అన్నారు. ఆంటీ వంటింట్లోంచి, "నా జపాన్ బాసకి పేరెట్టారా? ఆళ్ళ ఇంజనీర్లే నేర్పారని రాయి లా," అంది. రాయలేదు. ఆ సినిమా వసంతంలో ఎక్కడో మూగగా ఆడింది. ఎంతమంది చూశారో తెలియదు.

ఆ ఏడాది వెళ్ళేలోపు ఆంటీ పోయింది. పొద్దున్నే మార్కెట్‌కెళ్ళి, కింద బెంచీ మీద కాసేపు కూర్చుంటానని కూర్చుని లేవలేదు. జొహోర్ నుంచి అన్న పిల్లలొచ్చారు. పద్ధతిగా అన్నీ చేశారు. అంకుల్‌తో ఇంగ్లీషులో రెండేసి మాటలు మాట్లాడి వెళ్ళిపోయారు. అప్పటికి ఆయనకి వెలుగు నీడలు తప్ప కనపడేవి కావు. ఇంట్లో ఆ యాసతో తెలుగు మాట్లాడే మనిషి ఇప్పుడాయన ఒక్కరే. నాది హైదరాబాద్ భాష, పనికిరాలేదు. ఆదివారం మధ్యాహ్నం "ఫోన్ ఉందా?" అని అడిగేవారు. నన్నా అడగడం, ఫోన్ వదలని మనిషిని. ఆపేసిన టీవీ ముందు ఇద్దరం కూర్చునేవాళ్ళం. సినిమా మొదట్నుంచీ చివరిదాకా చెవులతో చూసేవారు. ఎక్కడ ఏ బొమ్మో ఆయనకి తెలుసు. నాకు మాత్రం ఆంటీ మాటలు, బియ్యం వాన. ఆఖర్న నమలడం. ఆ తరవాత 'కట్'. కానీ ఆ సీను రికార్డు చేసిన రోజు నేను ఫోన్ ఆపలేదు. ఆపాలని తోచలేదు. అందుకని కట్ తరవాత కూడా ఉంది. కుర్చీ కిర్రుమన్న చప్పుడు, తువ్వాలు దులిపిన చప్పుడు, ఆంటీ గొంతు. "నాకు సలేటయ్యా ఈ ఉక్కలో? ... ఉండనీ. తీయకు, ఉండనీ." అక్కడిదాకా విని, అంకుల్ లేచి నెమ్మదిగా గోడ పట్టుకుని వరండాలోకి వెళ్ళేవారు. నేను వెంట వెళ్ళేదాన్ని కాదు.

తరవాత ఆయన చెల్లెలు వచ్చి మంచు పడే ఊరికి తీసుకుపోయింది. వెళ్ళేముందు ఆ ఫైల్ ఆవిడ ఫోన్‌కి పంపిస్తానన్నాను. "ఒద్దు. నాకు అంతా నోటికొచ్చు. నీ కాడ ఉండనీ," అన్నారు. బూన్ లే ఇంట్లో ఇప్పుడు ఎవరో వేరే వాళ్ళున్నారు. నేను సెంబవాంగ్‌లో, పాత యార్డు గోడలు కనిపించే చోట ఒక గది తీసుకున్నాను. గదిలో నేనూ, ఛార్జరూ. నిన్న సాయంత్రం కూడా తడిసే వచ్చాను. లిఫ్ట్ తలుపు తెరుచుకుంటే ఖాళీ వరండా. గోడ వైపు తిరిగిన మొహం లేదు.

రేపు పొద్దున మళ్ళీ అడుగుతుంది ఫోన్, తీసేయమంటారా అని. నేను మళ్ళీ తరవాత అంటాను. ఒక మధ్యాహ్నం ఎంత జాగా ఆక్రమిస్తుందో దానికి లెక్క తెలుసు. నాకే ఇంకా తెలియలేదు.